దొడ్డిదారిన వచ్చినవాళ్లం

కాంట్రాక్టు ఉద్యోగుల సంఘాల సమావేశాల్లో ఉమాదేవి పేరు వినిపించినంతగా మరే స్త్రీ పేరూ వినిపించదు. “ఉమాదేవి ఉండగా మనకు పర్మనెంటెక్కడిది?” అంటారొకరు. “ఆ ఉమాదేవి మన నోట్లో మట్టి కొట్టింది” అంటారు ఇంకొకరు. కొత్తగా చేరిన పిల్లలు ఆమె ఎవరో పెద్ద అధికారిణి అనుకుంటారు. ఆ సమావేశాల్లో నేను ఇరవై ఏళ్లు కూర్చున్నాను. వేదిక మీద ఒక్క స్త్రీ కూడా లేనిచోట ఒక స్త్రీ పేరు తిట్టుగా మారి తిరుగుతుండడం నాకెప్పుడూ ముల్లులా గుచ్చుకునేది.

ఉమాదేవి ఎవరి నోట్లోనూ మట్టి కొట్టలేదు. కర్ణాటక వాణిజ్య పన్నుల శాఖలో 1985-86 నుంచి దినవేతనం మీద పనిచేస్తూ, పదేళ్లు దాటాక మమ్మల్ని పర్మనెంటు చెయ్యండి అని అడిగినవాళ్ల కేసుకు అంటుకున్న పేరు అది. అడిగింది ఉద్యోగులు. కాదని సుప్రీంకోర్టు దాకా వెళ్లింది ప్రభుత్వం. 2006 ఏప్రిల్ 10న అయిదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం ప్రభుత్వం పక్షాన తీర్పు చెప్పింది. ప్రకటన, పోటీ, ఎంపిక అనే దారిలో రానివాళ్లకు, ఎన్నేళ్లు పనిచేసినా సరే, పర్మనెంటు కావాలని అడిగే హక్కు లేదంది. అలా చేస్తే రాజ్యాంగం 14, 16 అధికరణాల్లో ఇచ్చిన సమానత్వానికి భంగమంది. బతుకుతెరువు కోసం వెతుక్కునే మనిషికి బేరమాడే శక్తి ఉండదని ఒప్పుకుంటూనే, తాత్కాలికమని తెలిసే చేరారు కదా అంది. ఒక్క కిటికీ మాత్రం తెరిచి ఉంచింది. మంజూరైన ఖాళీ పోస్టులో, తగిన అర్హతలతో, కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పదేళ్లు పైగా పనిచేసినవాళ్లను ఒక్కసారికి క్రమబద్ధం చెయ్యమంది. ఆ ప్రక్రియ ఆరు నెలల్లో మొదలుపెట్టమంది. ప్రభుత్వాలు తీర్పులో తలుపు మూసిన భాగాన్ని కంఠతా పట్టాయి. కిటికీ సంగతి చాలాచోట్ల మర్చిపోయాయి.

నేను తెలుగు పాఠం చెప్పే మనిషిని. తీర్పులు చదవడం నా వృత్తి కాదు. కానీ నా ఉద్యోగం ఏమిటో నాకు చెప్పే పుస్తకం ఇంకోటి లేకపోవడంతో చదవాల్సి వచ్చింది. చదువుతూ పోతే ఒక వరస కనిపించింది. ఉపాధ్యాయులు ‘వర్క్‌మెన్’ కిందికి రారని 1988లో తేల్చిన కేసు పేరు సుందరాంబాళ్. అంగన్‌వాడీ కార్యకర్తలవి ప్రభుత్వ పోస్టులు కావని 2006 డిసెంబరులో తేల్చిన కేసు అమీర్‌బీ. పోస్టాఫీసు ఊడ్చే పార్ట్ టైమ్ మనిషికి పర్మనెంటు హక్కు లేదని 2021 అక్టోబరులో తేల్చిన కేసు ఇల్మో దేవి. చివరికి 2024 డిసెంబరు 20న, ఉమాదేవి తీర్పును ఉద్యోగుల మీద ఆయుధంలా వాడుతున్నారని ప్రభుత్వాన్ని మందలించిన కేసు జగ్గో. తలుపు మూసినప్పుడూ ఆడపేరే, కొద్దిగా తెరిచినప్పుడూ ఆడపేరే. ఇది యాదృచ్ఛికమని నేననుకోను. తాత్కాలికం అనే మాట ఎక్కడ మొదలవుతుందో ఆడవాళ్లు అక్కడ ముందునుంచీ ఉన్నారు.

*

కోర్టు భాషలో మా నియామకాలకు ‘బ్యాక్ డోర్ ఎంట్రీ’ అని పేరు. తెలుగు పేపర్లు దాన్ని ‘దొడ్డిదారి నియామకాలు’ అని రాస్తాయి. దొడ్డిదారి అన్న మాట విన్న ప్రతిసారీ నాకు మా అమ్మమ్మగారి ఇల్లు గుర్తొస్తుంది. వీధి గుమ్మం మగవాళ్లది. దొడ్డివైపు బావి, అంట్లు, పేడనీళ్లు, కట్టెలు, బాలింతలు, బయటున్నవాళ్లు. ఊడ్చడానికి వచ్చే మనిషి దొడ్డివైపునుంచే రావాలి, అటునుంచే పోవాలి. దొడ్డిదారిన రావడం ఆమె తప్పని ఎవరూ అనలేదు, ఇంకో దారిన రానిస్తే కదా. ఇంటి పని మొత్తం దొడ్డివైపునే జరిగేది, ఇంటి పరువు మాత్రం వీధి గుమ్మం దగ్గర ఉండేది. ప్రభుత్వం అనే ఇల్లు కూడా ఇలాగే కట్టారు.

మా ఉమ్మడి రాష్ట్రంలో 1994లో ఒక చట్టం వచ్చింది. దినవేతన నియామకాలు ఇక చెయ్యకూడదనీ, చేసినా క్రమబద్ధం చెయ్యకూడదనీ దాని సారం. అదే ఏడాది ఏప్రిల్‌లో వచ్చిన 212 నంబరు జీవో, 1993 నవంబరు 25 నాటికి అయిదేళ్లు నిండినవాళ్లను మాత్రం తీసుకోమంది. తాత్కాలికులు వద్దని చట్టం చేసిన ప్రభుత్వమే ఆ తర్వాత మమ్మల్ని వేల సంఖ్యలో తాత్కాలికంగా తీసుకుంది. ‘దినవేతనం’ బదులు ‘కాంట్రాక్టు’ అన్నారు. ఆ తర్వాత ‘అవుట్‌సోర్సింగ్’ అన్నారు, ‘గెస్ట్’ అన్నారు. దొడ్డిదారి తెరిచింది మేం కాదు. తెరిచినవాళ్లే, లోపలికి వచ్చి ఇరవై ఏళ్లు పనిచేశాక, మీరు ఏ దారిన వచ్చారని అడుగుతున్నారు.

నేను 2002లో ఒక జిల్లా కేంద్రంలోని ప్రభుత్వ జూనియర్ కాలేజీలో చేరాను. ఏటా కాలేజీలు తెరిచాక కొత్త ఒప్పందం. దాని కింద ఒక హామీపత్రం: ఈ నియామకం వల్ల నాకు క్రమబద్ధీకరణ కోరే హక్కేదీ రాదని నాకు తెలుసు అని. ఏటా సంతకం చేశాను. తెలిసే చేరారు కదా అని కోర్టు అన్నప్పుడు చూపించే కాగితం ఇదే. ఆ కాగితం మీద ఏం రాసి ఉన్నా సంతకం పెట్టడం తప్ప ఇంకో దారి లేని మనిషి సంతకాన్ని సమ్మతి అంటారా? పెళ్లిలోనూ, ఆస్తిపంపకంలోనూ, ఆసుపత్రి కాగితాల మీదా ఆడవాళ్ల సంతకాల గురించి ఈ ప్రశ్న మనం ఎన్నో ఏళ్లుగా అడుగుతున్నాం. ఉద్యోగ ఒప్పందం గురించి కూడా అడగాలి.

ఇంకో మాట ఉంది, అది మరీ వింత. ‘ఖాళీ’. నేను పాఠం చెప్పిన పోస్టు ప్రభుత్వ లెక్కల్లో ఖాళీయే. ఏటా జిల్లానుంచి ఖాళీల వివరాలు అడిగేవారు. మా ఆఫీసులో జాబితా తయారుచేసేవారు. తెలుగు: ఒకటి, ఖాళీ. ఆ కాగితం నా బల్ల మీదనుంచే ప్రిన్సిపాల్ గదికి వెళ్లేది. నేను ఉన్నాను, హాజరు పట్టీలో ఉన్నాను, పరీక్ష పేపర్లు దిద్దుతున్నాను, అయినా నేను కూర్చున్న కుర్చీ ఖాళీ. ఇంట్లో ఉన్న ఆడదాన్ని “ఏం చేస్తారు?” అని అడిగితే “ఏం లేదండీ, ఇంట్లో ఖాళీగానే ఉంటుంది” అని మొగుడు జవాబు చెప్పే దేశంలో, ఈ లెక్క ఎవరికీ వింతగా తోచకపోవడంలో వింత లేదు.

*

చట్టం మమ్మల్ని కొలిచే కొలబద్దలు మూడు. మంజూరైన పోస్టు ఉండాలి. పూర్తికాలపు పని అయి ఉండాలి. మధ్యలో తెగని సేవ ఉండాలి. వినడానికి మూడూ న్యాయంగానే ఉంటాయి. కానీ ఎవరి జీవితాన్ని చూసి ఈ కొలతలు తీశారు? పొద్దున్నే డబ్బా పట్టుకుని బయల్దేరి, సాయంత్రం దాకా పనిచేసి, ఇరవై అయిదో ఏట మొదలుపెట్టి యాభై ఎనిమిదో ఏట దాకా ఒక్కరోజు తెగకుండా చెయ్యగల మనిషి జీవితం అది. అతని ఇంట్లో అన్నం వండేవాళ్లూ, పిల్లల్ని కనేవాళ్లూ, ముసలివాళ్లను చూసేవాళ్లూ వేరే ఉంటారు.

తెగని సేవ దగ్గర మొదలుపెడతాను, అది మాకు బాగా తెలిసిన విషయం. మా కాలేజీలో కాంట్రాక్టు లెక్చరర్లుగా ఉన్న ఆడవాళ్లం నెలలు లెక్కపెట్టుకునేవాళ్లం. ఎండాకాలం సెలవుల్లో కాన్పు వచ్చేట్టు చూసుకోవాలి. స్టాఫ్ రూములో దీని మీద జోకులు కూడా ఉండేవి. నవ్వేవాళ్లం. ఇప్పుడు తల్చుకుంటే ఆ నవ్వులో ఉన్న అవమానం అర్థమవుతోంది. ఒక ప్రభుత్వ సంస్థలో పనిచేసే స్త్రీ తన గర్భాన్ని విద్యా సంవత్సరం క్యాలెండరుకు అతికించుకోవాల్సి రావడం ఎలాంటి ఉద్యోగ నిబంధన? అది ఏ ఒప్పందంలోనూ రాసి లేదు. రాయకుండానే అమలైంది.

నా రెండో బిడ్డ మే నెలలో పుట్టింది. నా సేవ తెగలేదు. మా ఎకనామిక్స్ సహోద్యోగి బిడ్డ 2013 నవంబరులో పుట్టాడు. కాంట్రాక్టు వాళ్లకు ప్రసూతి సెలవు నిబంధన లేదని ప్రిన్సిపాల్ చెప్పాడు. రాకపోతే మానేసినట్టే అన్నాడు. ఆమె స్థానంలో ఒక కుర్రాణ్ణి తీసుకున్నారు. మర్నాటి విద్యా సంవత్సరంలో, చాలా తిరిగాక, ఆమెను కొత్త మనిషిగా తీసుకున్నారు. అప్పుడది పెద్ద నష్టంగా అనిపించలేదు. “పోనీలే, ఉద్యోగం దొరికింది కదా” అనుకుంది ఆమె.

తర్వాత రాష్ట్రం వచ్చింది. 2016 ఫిబ్రవరిలో వచ్చిన 16 నంబరు జీవో, రాష్ట్రం ఏర్పడిన 2014 జూన్ 2 నాటికి కాంట్రాక్టులో ఉండి కొనసాగుతున్నవాళ్లను క్రమబద్ధం చెయ్యడానికి దారి వేసింది. అది కోర్టుల్లో నానింది. 2023 ఏప్రిల్ 30న 5,544 మందిని క్రమబద్ధం చేస్తూ ప్రభుత్వం నిర్ణయం తీసుకుంది. అందులో నేనున్నాను. ఆమె లేదు. ఆ తేదీ నాటికి ఆమె లెక్కలో లేదు, కొడుకును ఎత్తుకుని ఇంట్లో ఉంది. ఇద్దరం ఒకే నెలలో చేరాం. ఒకే గదిలో కూర్చున్నాం. ఆమె పాఠం నా పాఠం కంటే బాగుంటుందని పిల్లలే చెప్పేవారు. మా ఇద్దరికీ తేడా ఒక్కటే, నా బిడ్డ మేలో పుట్టింది, ఆమె బిడ్డ నవంబరులో పుట్టాడు.

నాకు ఆర్డరు వచ్చిన రోజు ఆమె నాకంటే ముందు స్వీటు తెచ్చింది. “నీకన్నా వచ్చింది కదా” అంది. ఆ ‘అన్నా’ అనే మాటకు నా దగ్గర జవాబు లేదు.

ఆమెకు హక్కు లేదని కాదు. 2000 సంవత్సరం మార్చి 8న, సరిగ్గా మహిళా దినం నాడు, సుప్రీంకోర్టు ఢిల్లీ మునిసిపల్ కార్పొరేషన్ మస్టర్ రోల్ మీద పనిచేసే కూలి స్త్రీలకు ప్రసూతి సౌకర్యం ఇవ్వాలని తీర్పు చెప్పింది. 1961 నాటి ప్రసూతి సౌకర్యాల చట్టం పర్మనెంటు వాళ్లకే అని ఎక్కడా లేదంది. రోడ్ల మీద పనిచేసే స్త్రీ, కడుపులో బిడ్డ ఉండగా కష్టమైన పని చెయ్యాల్సిన గతి పట్టకూడదని ఆ తీర్పు సారం. 2023 ఆగస్టులో ఇంకో అడుగు వేసి, కాంట్రాక్టు గడువు మధ్యలో ముగిసిపోయినా ప్రసూతి ప్రయోజనం ఆగకూడదని ఒక డాక్టరు కేసులో చెప్పింది. అంటే మా ప్రిన్సిపాల్ నిబంధన లేదని చెప్పేనాటికి నిబంధన పుట్టి పదమూడేళ్లు దాటింది. తీర్పు ఢిల్లీలో ఉంది, మా స్టాఫ్ రూముకు రాలేదు. మేం తెచ్చుకోనూ లేదు, ఎందుకంటే తెచ్చుకున్న మనిషికి మరుసటి జూన్‌లో ఒప్పందం కొత్తది రాదు. తాత్కాలికత అంటే అదే. హక్కు లేకపోవడం ఒక్కటే కాదు, ఉన్న హక్కును నోరెత్తి అడగలేకపోవడం.

*

ఇక పూర్తికాలపు పని. మా కాలేజీ గదులూ వరండాలూ మరుగుదొడ్లూ శుభ్రం చేసే ఆమెను అందరూ ‘పార్ట్ టైమ్’ అనే పిలిచేవారు, అదే పేరైనట్టు. ఒకసారి అడిగాను, “అక్కా, నీ డ్యూటీ ఎన్ని గంటలు?” అని. “నాకేం ఎర్క మేడమ్. పొద్దుగాల ఏడింటికొస్త. పోయేటాళ్లకు నాలుగైతది. కాయితంల నాలుగ్గంటలే అని రాసిన్రట. కాయితంల నేను జల్దీ పోతున్న” అని నవ్వింది. కాగితంలో త్వరగా ఇంటికి వెళ్లిపోతున్న ఆ మనిషికి కాగితం ప్రకారమే జీతం.

ఇల్మో దేవి కేసులో సుప్రీంకోర్టు అన్నది ఈ కాగితం గురించే. పోస్టు మంజూరు కాలేదు, పని పార్ట్ టైమ్, కాబట్టి క్రమబద్ధీకరణ అడగలేరు, పోస్టులు మంజూరు చెయ్యమని ప్రభుత్వాన్ని కోర్టులు ఆదేశించలేవు అంది. 2014లో తమిళనాడు బడుల్లో ఊడ్చే పార్ట్ టైమ్ వాళ్ల విషయంలోనూ ఇదే మాట. మూడేళ్ల తర్వాత జగ్గో కేసులో అదే చీపురు మళ్లీ కోర్టుకు వచ్చింది. కేంద్ర జల సంఘంలో సఫాయీ పనికి జగ్గో, ఆమె తోటివాళ్లు చేరారు, కొందరు 1993 నుంచీ ఉన్నారు. కాగితంలో పార్ట్ టైమ్. 2018లో క్రమబద్ధం చెయ్యమని అడిగిన అర్జీ ట్రిబ్యునల్‌లో వీగిపోయింది, అదే ఏడాది అక్టోబరులో వాళ్లను ఒక్కసారిగా తీసేశారు. ఆ పనికి బయటి ఏజెన్సీనుంచి మనుషుల్ని తెచ్చుకున్నారు. ఇక్కడ కోర్టు ప్రశ్న మారింది. తీసేశాక కూడా పని ఉంది కదా, అంటే అది శాశ్వతమైన పనే కదా అని అడిగింది. వీళ్లకు చదువు లేదన్న వాదనకు, ఈ పనికి ఆ చదువుతో ఏం అవసరం అంది. పని చెయ్యని కాలానికి జీతం ఇవ్వకపోయినా, సేవ తెగనట్టుగానే లెక్కించి, వెంటనే తీసుకుని క్రమబద్ధం చెయ్యమంది.

ఇల్మో దేవి, జగ్గో ఇద్దరూ ఊడ్చే స్త్రీలే. ఒకరికి పోస్టు ఉందా అని అడిగారు. ఇంకొకరికి పని ఉందా అని అడిగారు. తీర్పులోని తేడా అంతా ఆ ప్రశ్నలోనే ఉంది.

ఆ ప్రశ్న వెనక కులం కూడా ఉంది. మా కాలేజీ ఊడ్చే అక్క తల్లి, మునిసిపాలిటీ వీధులూడ్చింది. అత్త అంతే. ఈ దేశంలో మరుగుదొడ్డి కడిగే పని దళిత స్త్రీకి తరతరాలుగా శాశ్వతం చేసిపెట్టారు, దానికి ఏ నోటిఫికేషనూ అక్కర్లేకపోయింది. కులం పనిని శాశ్వతం చేసింది, ప్రభుత్వం ఉద్యోగాన్ని తాత్కాలికం చేసింది. లెక్చరర్ల సంఘం మహాసభల్లో మా క్రమబద్ధీకరణ గురించి తీర్మానాలు చేసుకున్నాం. మా గది ఊడ్చే మనిషి గురించి ఒక వాక్యం చేర్చాలని మేం కొందరం అడిగితే, “ఆ క్యాడర్ వేరు మేడమ్” అన్నారు.

*

పోస్టు లేకుండా పని చేయించుకోవడానికి ఉన్న అన్నిటికంటే సొగసైన ఉపాయం పనికి పుణ్యకార్యం అని పేరు పెట్టడం. సుందరాంబాళ్ గోవాలో ఒక బడిపంతులమ్మ. ఉద్యోగం పోయి, పారిశ్రామిక వివాదాల చట్టం కింద న్యాయం అడిగింది. చదువు చెప్పడం కూలిపనీ కాదు, గుమాస్తా పనీ కాదు, అది ఉదాత్తమైన వృత్తి, కాబట్టి ఆమె ‘వర్క్‌మన్’ కాదంది కోర్టు. ఉదాత్తతకు దండం పెట్టాలి, కానీ ఆ ఉదాత్తత ఆమెకు తిరిగి ఉద్యోగం ఇవ్వలేదు. అదే చట్టంలో, ఉద్యోగుల్ని పర్మనెంటు హోదా దక్కనివ్వకూడదన్న ఉద్దేశంతో ఏళ్ల తరబడి తాత్కాలికంగా ఉంచడం అన్యాయమైన పద్ధతి అని స్పష్టంగా రాసి ఉంది. 2025 నవంబరు 21న ఆ పాత చట్టం పోయి పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లోకి వచ్చినా ఆ వాక్యాన్ని ఉంచారు. ఆ పక్కనే ‘నిర్ణీతకాల ఉద్యోగం’ అన్న దాన్ని చట్టబద్ధం చేశారు. ఒక చేత్తో తాత్కాలికాన్ని తప్పుపట్టి ఇంకో చేత్తో పీట వేశారు.

అంగన్‌వాడీల విషయంలో ఆ పుణ్యకార్యానికి పేరు ‘గౌరవ వేతనం’. 1975 అక్టోబరు 2న మొదలైన పథకం యాభై ఏళ్లు దాటింది. యాభై ఏళ్ల పథకాన్ని తాత్కాలికం అనడానికి ఏ భాషలోనూ మాట లేదు, అందుకే పనిచేసేవాళ్లను ‘స్వచ్ఛంద’ కార్యకర్తలన్నారు. 2023 డిసెంబరు 12న ఆంధ్రప్రదేశ్ అంగన్‌వాడీలు సమ్మెకు దిగారు. 42 రోజులు రోడ్ల మీద కూర్చున్నారు. జీతం అడిగినప్పుడు గౌరవంగా సేవచేసే మహిళలు, సమ్మె చేసేసరికి అత్యవసర సర్వీసు. 2024 జనవరి 6న వాళ్ల మీద ఎస్మా ప్రయోగించారు. సేవ స్వచ్ఛందమైతే మానుకునే స్వేచ్ఛ ఉండాలి. అత్యవసరమైతే ఉద్యోగమనే హోదా ఉండాలి. ఇంటి చాకిరీ గురించి మనం చెబుతూ వచ్చింది కూడా ఇదే కదా. చేసినంతకాలం ప్రేమ, ఆపితే నేరం. 2022 ఏప్రిల్‌లో గుజరాత్ అంగన్‌వాడీల కేసులో వాళ్లకు గ్రాట్యుటీ హక్కు ఉందని సుప్రీంకోర్టు చెప్పడం ఒక్కటే ఇందులో కాస్త వెలుతురు.

*

ఇంతవరకూ రాసింది చదివి, మరి పోటీపరీక్ష కోసం చదువుకుంటున్న పిల్ల సంగతేమిటని ఎవరైనా అడగొచ్చు. అడగాలి కూడా. ఉమాదేవి తీర్పు ఉత్త దుర్మార్గం అని నేను అనను. ప్రకటన లేకుండా, రిజర్వేషన్ రోస్టర్ లేకుండా, అయినవాళ్లను తెచ్చి పెట్టుకుని పదేళ్లకు పర్మనెంటు చేసే అలవాటు ప్రభుత్వాలకు ఉంది. అలా జరిగిన ప్రతిసారీ దళిత, ఆదివాసీ, వెనకబడిన కులాల అభ్యర్థుల వాటా పోతుంది, స్త్రీల వాటా కూడా పోతుంది. 16వ అధికరణం వాళ్లకు ఆసరా. 2024 నవంబరులో తెలంగాణ హైకోర్టు మా క్రమబద్ధీకరణకు ఆధారమైన 10ఎ సెక్షన్‌ను కొట్టేసింది, అప్పటికే క్రమబద్ధమైన మమ్మల్ని మాత్రం కదిలించలేదు. అక్కడ కోర్టుకెక్కింది నిరుద్యోగులే. వాళ్లు మా శత్రువులని మా సంఘం వాట్సాప్‌లో రాసినవాళ్లున్నారు. అశోక్‌నగర్ హాస్టల్లో ఇరుకు గదిలో నోటిఫికేషన్ కోసం ఏళ్లు గడుపుతున్న పిల్లల్లో నా దగ్గర చదువుకున్నవాళ్లే ఉన్నారు. వాళ్లను శత్రువులనుకోవడం నాకు చేతకాదు.

చూడవలసింది ఇద్దరికీ మధ్య ఉన్న ఆ ఖాళీని. ప్రభుత్వం ఏటా నోటిఫికేషన్ ఇచ్చి ఉంటే నేను ఇరవై మూడేళ్ల వయసులో పరీక్ష రాసి ఉండేదాన్ని. అప్పుడు ఇవ్వలేదు కాబట్టి కాంట్రాక్టులో చేరాను. నన్ను చూపించి, పని నడుస్తోంది కదా అని తర్వాత కూడా ఇవ్వలేదు. అంటే నన్ను అడ్డం పెట్టి ఆ పిల్లకు రావలసిన పరీక్ష ఎగ్గొట్టారు, ఆ పిల్లను అడ్డం పెట్టి నాకు రావలసిన హక్కు ఎగ్గొట్టారు. అత్తాకోడళ్ల తగువు పెట్టి ఇంటి యజమాని వీధరుగు మీద కూర్చున్నట్టుంది ఇది. పాతవాళ్లకు న్యాయం చెయ్యడమూ, కొత్త పోస్టులు మంజూరు చేసి రోస్టర్ ప్రకారం నింపడమూ ఒకదానికొకటి అడ్డం కాదు. 2025 ఆగస్టు 19న ధరమ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఆ మాటే చెప్పింది. ప్రభుత్వం బజారులో ఒక యజమాని లాంటిది కాదనీ, రాజ్యాంగబద్ధమైన యజమాని అనీ, డబ్బు లేదన్న సాకుతో అందరికంటే కిందనున్నవాళ్ల వీపు మీద బడ్జెట్టు సరిచేసుకోకూడదనీ అంది. ఖాళీలు లేకపోతే అదనపు పోస్టులు సృష్టించి తీసుకోమంది.

ఇదంతా గెలుపు అనుకోలేను. జగ్గో తీర్పిచ్చింది ఇద్దరు న్యాయమూర్తులు, ఉమాదేవి తీర్పిచ్చింది అయిదుగురు. పెద్ద ధర్మాసనం మాట ఇప్పటికీ చట్టమే, చిన్న ధర్మాసనాలు దాన్ని ఎలా చదవాలో చెబుతున్నాయి. ఏ కోర్టు దగ్గరికి ఏ ఫైలు వెళ్తుంది, ఆ రోజు ఏ ప్రశ్న అడుగుతారు అన్న అదృష్టం మీద ఒక స్త్రీ ముసలితనం ఆధారపడి ఉంది. క్రమబద్ధమైన నాకూ ఆ ఇరవై ఒక్క ఏళ్లు పింఛనులోకి రావు, సీనియారిటీలోకి రావు. ఉద్యోగరీత్యా నేను 2023లో పుట్టాను.

అయినా మనం చెయ్యగలిగిన పని ఒకటుంది. ఈ పత్రిక చదివేవాళ్లలో చాలామందిమి కాలేజీల్లో, విశ్వవిద్యాలయాల్లో ఉన్నాం. పర్మనెంటు ఆచార్యులున్నారు, నాలాగా ఆలస్యంగా అయినవాళ్లున్నారు, గంటల లెక్కన జీతం తీసుకునే గెస్ట్ ఫ్యాకల్టీ ఉన్నారు. 2025 ఆగస్టులో గుజరాత్ కాంట్రాక్టు అసిస్టెంట్ ప్రొఫెసర్లకు నెలకు 30,000 రూపాయలిస్తున్న సంగతి సుప్రీంకోర్టునే కలవరపెట్టింది. మన సెమినార్లలో స్త్రీల శ్రమ మీద పత్రాలు సమర్పిస్తాం. ఆ హాలు ఊడ్చిందెవరు, ఏ పద్దు కింద, ఎన్ని గంటలకు, ఎన్నేళ్లుగా అన్నది ఆ పత్రాల్లో ఉండదు. ఎవరి విభాగంలో వాళ్లం ఒక పట్టిక వేద్దాం. ఎవరు ఎప్పుడు చేరారు, మధ్యలో సేవ ఎందుకు తెగింది, కాన్పుకా, జబ్బుకా, అధికారి కోపానికా, కాగితంలో గంటలెన్ని, నిజంగా గంటలెన్ని, అన్నీ రాద్దాం. కోర్టులో రేపు పనికొచ్చేది ఈ రాతే. హాజరు పట్టీ జిరాక్సు లేక ఓడిపోయిన కేసులెన్నో.

ఆ పట్టికలో మొదటి గడి మంజూరైన పోస్టు ఉందా లేదా అన్నది కాకూడదు. పని ఉందా, ఆ పని ఎన్నాళ్లుగా ఉంది, ఎవరు చేస్తున్నారు అన్నది కావాలి. మనిషి కూర్చున్న కుర్చీ ఎదురుగా ఇంకెవరూ ‘ఖాళీ’ అని రాయకుండా ఉండాలంటే ముందు మనం ఆ మనిషి పేరు రాయాలి.